ఈసారి అచ్చు వద్దు

కుర్మయ్య ఫోన్ చేసినప్పుడు నేను డాబా మీద పాత డైరీలను ఎండకు పరుస్తున్నాను. ఏడాదికొకసారి, వానలు వెనకపట్టాక చేసే పని అది. పేజీల మధ్య పాత వేపాకు దులిపి కొత్తది పెట్టి, సంవత్సరం వరసన మళ్ళీ పెట్టెలో సర్దుతాను. ఫోనులో అతని వెనక డప్పులు వినిపిస్తున్నాయి, ఎవరో మైకులో "హలో, హలో" అంటున్నారు. ఎక్కడో సభలో ఉన్నాడు. కుర్మయ్య పేరు తెలియనివాళ్ళు మా నల్లగొండలోనూ పాలమూరులోనూ తక్కువ. ఆలంపూర్ దిక్కున గొర్లకాపరుల ఇంట్లో పుట్టి, ఉద్యమం రోజుల్లో దీక్షా శిబిరాల్లో పాడి, రాష్ట్రం వచ్చాక టీవీలకెక్కిన గాయకుడు. లోకం దృష్టిలో రేణుక కుర్మయ్య భార్య. నా దృష్టిలో అతను రేణుక భర్త.

"సారూ, రేణుక రాసినయన్ని ఒక్క పుస్తకం చేస్తున్న. అన్ని దొరికినయ్, ఆఖరి 'కండె' ఒక్కటే దొరుకుతలేదు. నా తాన ఉన్నది ఇల్లు మారినప్పుడు యాడ వొయిందో. మీ తాన ఉంటది గద?"

"చూస్త" అన్నాను.

చూడవలసిన పని లేదు. ఆ సంచిక ఎక్కడుందో నాకు తెలుసు. పంచగా మిగిలిన ప్రతులన్నీ కట్టగట్టి, నా ఇనుప పెట్టె అడుగున పెట్టినవాణ్ణి నేనే. ఇన్నేళ్ళుగా ఎవరడిగినా లేదనే చెప్పాను. ఉన్న పుస్తకాన్ని లేదనడం, జీవితమంతా గ్రంథాలయంలో పనిచేసినవాడు చేయగల పెద్ద తప్పు. అయినా చెప్పాను. ఆ సంచికలో తన వ్యాసం వేయొద్దని రేణుక నాకు కబురు పెట్టింది. నేను వేశాను. కబురు పెట్టిన నాలుగోనాడు ఆమె పోయింది. ముప్పై ఏళ్ళు కూడా నిండలేదు.

రేణుక నాకు మొదట తెలిసింది పాఠకురాలిగా. మేమిద్దరం చిట్యాల దగ్గర ఒకే ఊరివాళ్ళం, ఒకే సాలెవాడ. నేను నల్లగొండలో గ్రంథాలయ ఉద్యోగం చేస్తూ రోజూ బస్సులో వెళ్ళివచ్చేవాణ్ణి. కాలేజీ అయిపోగానే ఆమె మా గ్రంథాలయానికి వచ్చి, మూసేదాకా కూర్చుని, నాతోపాటు అదే బస్సు ఎక్కేది. నార్కట్‌పల్లి వచ్చేసరికి ఆ రోజు చదివిన పుస్తకంలో తప్పులన్నీ చెప్పేది. అచ్చు తప్పులు కాదు, మనుషుల తప్పులు. "గా కథల సాలాయన మగ్గం మీద కూసొని చుట్ట తాగుతడంట సారూ. పోగు కాలదా? రాసినాయన మగ్గం జూసిండా?" అనేది. ఎక్కిన సీటులో నిద్రపోవడం అలవాటైన నాకు ఆ పిల్ల వల్ల ఆ సుఖం పోయింది.

రాష్ట్రం వచ్చిన ఏడాదే నేను రిటైరయ్యాను. ఆ నెలలోనే రేణుక మా ఇంటికి వచ్చి, మాసపత్రిక పెడుతున్నానని, పేరు 'కండె' అని, ప్రూఫులు నేనే చూడాలని చెప్పింది. అడగలేదు, చెప్పింది. కండె అంటే మగ్గం మీద అటూ ఇటూ ఆడే నాడెలో పెట్టే నూలుచుట్ట. మా ఇళ్ళలో పిల్లలందరూ బడికి పోకముందు చుట్టేవి అవే. "పేరు జూసి కాల్చుకతినే మక్క కండె అనుకొని కొంటరు జనం" అన్నాను. "కొననియ్యిండ్రి సారూ, కొన్నంక సదువక యాడికి వోతరు?" అంది.

పత్రిక ఆఫీసు అంటే వాళ్ళ ముందరి గది. సగం గదిలో గుంటమగ్గం, సగంలో రేణుక బల్ల. మగ్గం ఆమె తల్లి అండాలమ్మది. భర్త పోయినప్పటి నుంచి ఆ గుంటలో కాళ్ళు పెట్టుకుని నేస్తూనే బిడ్డను చదివించింది. నేను ప్రూఫులు పట్టుకుని పోయేసరికి గదిలో గంజి వాసన, రంగు నూలు తడి వాసన, వాటి మీద అల్లం చాయ వాసన. అండాలమ్మకు మాట్లాడుతూ నేయడం అలవాటు. చేయి ఆగదు, నోరూ ఆగదు. నాడె ఇటు వచ్చినప్పుడు ఒక మాట, అటు పోయినప్పుడు ఒక మాట. చదువు రాదుగాని ఏ వ్యాసం ఎన్ని పేజీలో ఆమెకు తెలిసేది. బిడ్డ చదువుతూ ఎన్నిసార్లు కాగితం తిప్పిందో లెక్కపెట్టేది. "ఇది పొడుగైంది బిడ్డా, రెండో కాయితం కాడ నాకు నిద్రొచ్చింది" అనేది. రేణుక ఆ వ్యాసాన్ని నిజంగానే కత్తిరించేది. ఆ పత్రికకు నాకు తెలిసి సరైన సంపాదకవర్గం వాళ్ళిద్దరే.

నా పని ఎర్ర కలంతో దిద్దడం. అక్కడే మాకు తగాదా. 'వచ్చిన' అని ఆమె రాస్తే 'వచ్చాను' అని నేను దిద్దేవాణ్ణి. మరునాడు అది మళ్ళీ 'వచ్చిన' అయి వచ్చేది. "సారూ, మీరు ఇంట్ల ఏం మాట్లాడుతరు?" అని అడిగింది ఒకసారి. "ఇల్లు వేరు, పుస్తకం వేరు" అన్నాను. ఆమె తల్లి వైపు తిరిగి, "అమ్మా, సారు గడపల చెప్పులతోని భాష గూడ ఇడుస్తడంట" అంది. అండాలమ్మ నవ్వి నవ్వి మగ్గం ఆపింది. ఆ నవ్వు కూడా నా డైరీలో ఉంది. నేను ఎక్కువ రాసేవాణ్ణి కాదు. ఎక్కడికి పోయాను, ఎవరు ఏమన్నారు, అంతే. కాని అన్నది అన్నట్టుగా రాస్తాను.

కుర్మయ్యను ఆమె ఆలంపూర్‌లో కలిసింది. తుంగభద్ర ఒడ్డున ఏదో సభ. అతను పాడుతుంటే వేలమంది ఊగిపోయారట. రేణుక 'కండె'లో దాని గురించి రాస్తూ, గాయకుడి గొంతు గొప్పదని, రెండో చరణం మరిచిపోయి మొదటి చరణాన్నే రెండుసార్లు పాడాడని, జనం గమనించలేదని రాసింది. అది చదివి కుర్మయ్య కోపంతో ఫోన్ చేశాడు. రెండోసారి ఫోన్ చేసి, ఇంకేం తప్పులు పట్టినవో చెప్పమన్నాడు. మూడోసారి ఇంటికే వచ్చాడు. సాలెవాడంతా గుమ్మం ముందు నిలబడి ఫోటోలు దిగుతుంటే అండాలమ్మ గుంటలోంచి లేవకుండానే, "పాటగాడైతేంది, నా బిడ్డకు తిండి వెట్టేటోడా, దిండు కింద ఫోన్ వెట్టుకొని పండేటోడా?" అని అడిగింది. కుర్మయ్య జేబులోంచి ఫోన్ తీసి మగ్గం కొయ్య మీద పెట్టాడు. సాయంత్రం దాకా ముట్టలేదు. గొర్లకాపరుల ఇంటికి పిల్లనివ్వడమేమిటని మా కులంలో కొందరు గొణిగారు. పెళ్ళి నార్కట్‌పల్లిలో జరిగింది. ఆ గొణిగినవాళ్ళే ముందు వరసలో నిలబడి అతనితో ఫోటోలు దిగారు.

పెళ్ళయ్యాక రేణుక హైదరాబాదులో కాపురం పెట్టింది. పత్రిక మాత్రం ఊరినుంచే వచ్చేది. నెలకు వారం వచ్చి తల్లి దగ్గర ఉండి పని చూసుకునేది. భర్త బొమ్మ అట్ట మీద వేస్తే చందాదారులు ఎంతమంది పెరుగుతారో ఆమెకు తెలుసు, అయినా ఒక్కసారీ వేయలేదు. ఆ వారం రోజుల్లో ఎవరో ఒకరు కుర్మన్న ఇల్లు చూద్దామని వచ్చేవారు. ఆమె వాళ్ళకు చాయ ఇచ్చి, పోతున్నప్పుడు చేతిలో ఒక 'కండె' పెట్టేది.

తరవాత జబ్బు. రక్తానికి సంబంధించినది. హైదరాబాదులో పెద్ద దవాఖానలో చేర్చారు. అండాలమ్మ మొదట కొన్నాళ్ళు అక్కడే ఉండి ఊరికి తిరిగివచ్చింది. మంచం మీదినుంచే ఆమె ఆఖరి వ్యాసం పంపింది. 'ఇంట్ల పాటగాడు' అని పేరు. పేరున్న మనిషితో కాపురం ఎట్లా ఉంటుందో దాంట్లో దాచకుండా రాసింది. వేదికకు పోయేముందు అతని అరచేతిలో రెండో చరణం మొదటి మాట తాను పెన్నుతో రాస్తుందని రాసింది. ఇంట్లో అతను పాడడని, పాడమంటే గొర్లను పిలిచినట్టు కూత వేసి నవ్విస్తాడని రాసింది. తన చేతికి సూది గుచ్చుతూ నర్సు "కుర్మన్నతోని ఒక్క ఫోటో ఇప్పియ్యవా అక్కా" అని అడిగిందని, సూది గుచ్చడం అయ్యేదాకా ఆగమన్నానని రాసింది. అది చదివి నాకు భయమేసింది. ఇంత విప్పి చెప్పొచ్చా? ఒక్క అక్షరమూ దిద్దకుండా పంపాను.

సంచికలు తయారై వచ్చాక నేనే చిట్యాల తపాలా ఆఫీసుకు కట్టలు తీసుకువెళ్ళాను. ఫోన్ ఇంట్లో ఛార్జింగుకు పెట్టి మరిచాను. మధ్యాహ్నం ఇంటికి వచ్చి చూస్తే రేణుక నుంచి ఒక మెసేజ్. ఇంగ్లీషు అక్షరాల్లో తెలుగు. "సారూ, ఈసారి అచ్చు వద్దు. ఆపుమని చెప్పుండ్రి."

నేను వెంటనే ఫోన్ చేశాను. ఎత్తలేదు. కుర్మయ్య ఫోన్ కలవలేదు. సాయంత్రానికి ఆమెను లోపలి వార్డులోకి మార్చారని తెలిసింది. తరవాత మాట్లాడే అవకాశం రాలేదు. ఆ రోజు డైరీలో ఆ మెసేజ్‌ను ఉన్నదున్నట్టు రాసుకుని, కింద "అప్పటికే పోస్టు చేసి వచ్చాను" అని మాత్రం రాశాను. వ్యాసం చదివి ఒకటి రెండు చానళ్ళు గాయకుడి ఇంటి గుట్టు అని హడావుడి చేశాయి. కుర్మయ్య ఏమీ మాట్లాడలేదు. ఆ మౌనాన్ని నేను నా మీద కోపం అనుకున్నాను. చావబోయే మనిషి చివరి కోరిక దాటి, ఆమె సంసారాన్ని బజారులో పెట్టానని ఇన్నేళ్ళూ అనుకుంటూ వచ్చాను. ఎవరికీ చెప్పలేదు.

ఇప్పుడు కుర్మయ్య పుస్తకం వేస్తానంటున్నాడు. ఆ వ్యాసం ఇస్తే రెండోసారి ఆమె మాట దాటినట్టు. ఇవ్వకపోతే అబద్ధం పుస్తకంలోకి కూడా ఎక్కినట్టు. రెండు రోజులు ఆలోచించి, ఆ ఏటి డైరీ, పెట్టె అడుగునుంచి ఒక 'కండె' సంచిలో పెట్టుకుని అండాలమ్మ దగ్గరికి పోయాను. తల్లి ముందు ఒప్పుకుని, ఆమె ఎట్లా అంటే అట్లా చేద్దామనుకున్నాను.

అండాలమ్మ ఇప్పుడు నేయడం లేదు. గుంట పూడ్చి పైన బండలు పరిచారు. మా వాడలో పొద్దున్నే ఇంటింటా వినిపించే చప్పుడు పోయి చాలా కాలమైంది. పిల్లలు చిట్యాల దగ్గరి ఫ్యాక్టరీలకు, హైదరాబాదులో దుకాణాలకు పోతున్నారు. నడుము నొప్పి లేకుండా బతుకుతున్నారు, దానికి నేను బాధపడను. మా నాయిన నడుము నేను చూశాను. కాని పత్రికలు కూడా అట్లాగే పోయాయి. ఇప్పుడు రాసేవాళ్ళు రాసిన గడియకే ఫోనులో పెడుతున్నారు. మధ్యలో ప్రూఫు లేదు, కాగితం తిప్పిన లెక్క లేదు.

"ఏందన్నా, సంచి పట్టుకొని వచ్చినవ్? చందా వసూలుకా?" అని నవ్వింది అండాలమ్మ. చాయ పెట్టింది. చాయ తాగాక చెబుదామనుకుని, తాగేదాకా ఆగలేక, తాగుతూనే అంతా చెప్పాను. వ్యాసం సంగతి, తపాలా ఆఫీసు సంగతి, ఫోన్ ఇంట్లో మరిచిన సంగతి. ఆమె చేతిలోని గిన్నె కింద పెట్టి వింది.

"బిడ్డ ఏమని పెట్టింది? ఉన్నదున్నట్టు సదువు."

డైరీ తీసి చదివాను. "సారూ, ఈసారి అచ్చు వద్దు. ఆపుమని చెప్పుండ్రి."

ఆమె నా మొహం వైపు చూసింది. "మల్లొక్కసారి సదువు."

చదివాను.

"అది నాకు జెప్పుమన్నది గదన్నా!"

నాకు అర్థం కాలేదు. అండాలమ్మ మోకాలి మీద చెయ్యి వేసి కొట్టుకుంది. "నాకు! నాకు జెప్పుమన్నది. అప్పుడు మగ్గం మీద అచ్చు అయిపోవచ్చింది. కొత్తది అతుకవెట్టిన. బిడ్డకు తెలిసి దవాఖానల కెళ్ళి పొద్దుమాపు ఒకటే ఫోను. ఈసారి అచ్చు వద్దమ్మా, నీ మోకాళ్ళు లేస్తలెవ్వు, అన్ని ఆపి వచ్చి నా దగ్గర కూసో అని. నేను ఇంటనా? చేతులు ఖాళీగ ఉంటే గుండె దడదడ కొట్టుకుంటది. అతుకుడు ఆపలే. నీకు జెప్తే ఇనవు, సారుతోని జెప్పిస్త ఉండు అన్నది. సారంటే భయమా నాకు అన్న."

నేను డైరీ చేతిలో పట్టుకుని కూర్చున్నాను. అచ్చు. మగ్గం మీది నిలువు పోగుల పడుగు అయిపోవచ్చినప్పుడు కొత్త పడుగు పోగులను పాత పోగుల కొసలకు ఒక్కొక్కటిగా, వేళ్ళకు బూడిద అద్దుకుని మెలేసి కలుపుతారు. అచ్చు అతకడం అంటారు. వేల పోగులు. మా అమ్మ, మేనత్తలు వరసగా కూర్చుని రెండు రోజులు అతికేవాళ్ళు, ఆ రెండు రోజులూ మాకు వంట మా నాయినదే, అన్నంలో ఉప్పు ఉండేది కాదు. ఆ మాట మధ్య పుట్టి పెరిగినవాణ్ణి నేను. నలభై ఏళ్ళు పుస్తకాల మధ్య కూర్చున్నాక, అచ్చు అంటే నాకు ముద్రణ తప్ప ఇంకొకటి తోచలేదు.

"నువ్వు సాలోల్ల ఇంట్ల పుట్టినోనివేనా అన్నా?" అంది అండాలమ్మ. నవ్వుతోంది, కళ్ళనుంచి నీళ్ళు కారుతున్నాయి, కొంగుతో తుడుచుకుంటూ మళ్ళీ నవ్వుతోంది. "గిన్నేండ్లు గిది మోసుకొని తిరిగినవా? ఒక్కనాడన్న నన్నడగొద్దా?"

"నేను వచ్చి చెప్పనందుకు నువ్వు..." అని ఆగిపోయాను. అప్పుడే ఇంకో భయం పట్టుకుంది. ఆ కబురు చేర్చనందుకు ఈ తల్లి బిడ్డ దగ్గరికి ఆలస్యంగా పోయిందా?

ఆమెకు నా మొహంలోనే అర్థమైంది. "నేను ఆ దినమే పోయిన. పొద్దుగూకకముందే అల్లుడు కారు పంపిండు. సగం అతికిన అచ్చును గట్లనే ఇడిసి ఎక్కిన. నాలుగు దినాలు బిడ్డ పక్కనే ఉన్న. నువ్వు జెప్పినా జెప్పకున్నా గంతే."

అక్కడినుంచి ఇంటికి పోయి నేను డైరీలు తిరగేశాను. తృప్తి కోసం కాదు, అలవాటు. 'కండె' నడిచిన ఏళ్ళలో రేణుక మాటలు ఎక్కడెక్కడ రాసుకున్నానో చూశాను. "ప్రింటుకు పోయిందా సారూ?" "ప్రింటింగ్ మంచిగొచ్చింది." "రేపు ప్రింటుకియ్యాలె." పత్రిక గురించి ఆమె ఎక్కడా అచ్చు అనలేదు. ఆ మాట నాది. "ముద్రణ అనరాదా, అచ్చు అనరాదా, ప్రింటు ఏమిటి?" అని ఆమెను విసుక్కున్నట్టు కూడా నా చేతిరాతలోనే ఉంది. కళ్ళముందు సాక్ష్యం పెట్టుకుని ఇన్నేళ్ళు తీర్పు తప్పు చెప్పుకున్నాను. ఛాతీ మీది బరువు దిగింది అంటారే, అట్లాంటిదేమీ జరగలేదు. ఆకలేసింది. చాలా రోజుల తరవాత రెండోసారి అన్నం పెట్టించుకున్నాను.

మరునాడు కుర్మయ్యకు ఫోన్ చేసి అంతా చెప్పాను. "సారూ, గా వ్యాసం పంపేముందు నాకే సదివి వినిపిచ్చింది. గొర్ల కూత సంగతి తియ్యమన్న. తియ్య అన్నది" అన్నాడు. చానళ్ళప్పుడు ఎందుకు మాట్లాడలేదని అడిగాను. "ఏం మాట్లాడుత సారూ? పాటనే బందు వెట్టిన అప్పుడు. ఒక్క చరణం గూడ యాదికి రాకపోయేది."

వ్యాసం అతనికి పంపేముందు ఒక పని మిగిలింది. అండాలమ్మ ఆ వ్యాసాన్ని ఎన్నడూ వినలేదు. అది పోస్టు చేసిన రోజే ఆమె దవాఖానకు పోయింది, తరవాత చదివి వినిపించేవాళ్ళు లేరు. ఆ మధ్యాహ్నం మళ్ళీ పోయి, పూడ్చిన గుంట మీద బండల పైన చాప వేసుకుని కూర్చుని చదివాను. నర్సు సంగతి వచ్చినచోట ఆమె నవ్వింది. "నేనే దించిన ఆ ఫోటో, సగం తల పోయింది" అంది. నేను కాగితం తిప్పిన ప్రతిసారీ ఆమె పెదవులు కదిలాయి. ఆఖరి పేరా వచ్చింది.

"నాకు ఏం జబ్బో డాక్టరు చెప్పినప్పుడు ఆయన ఒక పెండ్లిల పాడుతున్నడు. ఫోన్ చేస్తే ఎత్తలే. అందరు ఆయనను తిట్టిండ్రు. నాకైతే మంచిగనిపిచ్చింది. ఇంకొక గంట ఆయనకు ఏం తెల్వకుండ పాడుకున్నడు."

"గంట గాదన్నా" అంది అండాలమ్మ. "రెండు గంటలు. నేను పక్కనే ఉన్న. గోడకు గడియారం ఉండె. ఆయన తిరిగి ఫోన్ చేసేటాలకు దీపాలు వెట్టిండ్రు."

జీవితమంతా తేదీలూ వేళలూ సరిచూసినవాణ్ణి. చేయి జేబులోని ఎర్ర కలం దగ్గరికి పోయింది. "దిద్దాల్నా చెల్లె?" అని అడిగాను.

ఆమె చాప అంచు సవరిస్తూ ఆలోచించింది.

"ఉండనియ్యి. బిడ్డకు గంటనే అనిపిచ్చింది గావొచ్చు."